నేవీలో చేరిన కుర్రాడు అడ్మిరల్ కావడానికి ఎన్నేళ్లు పడుతుంది? ఏం కలిసిరావాలి?

రాజమండ్రి నుంచి ఒక తండ్రి అడిగిన ప్రశ్న ఇది. వాళ్లబ్బాయి ఇంటర్ ఎంపీసీ రెండో సంవత్సరం చదువుతున్నాడు. ఎన్‌డీఏ (నేషనల్ డిఫెన్స్ అకాడమీ) రాత పరీక్ష పాసయ్యాడు, జేఈఈ మెయిన్‌కూ తయారవుతున్నాడు. ఆయన సందేహాలు మూడు. ఆఫీసరుగా చేరితే అడ్మిరల్ దాకా వెళ్లడానికి ఎన్నేళ్లు పడుతుంది? ఎన్‌డీఏ నుంచి వెళ్లినవాళ్లే పైకి వెళ్తారా, ఇంటర్ తర్వాత జేఈఈ ర్యాంకుతో నేరుగా నేవీ అకాడమీలో చేరే 10+2 బీటెక్ ఎంట్రీ వాళ్లను చిన్నచూపు చూస్తారా? ఏ బ్రాంచ్ తీసుకుంటే మంచిది?

నేను ఎగ్జిక్యూటివ్ బ్రాంచ్‌లో, అంటే షిప్పులు నడిపే విభాగంలో పనిచేసి కమొడోర్‌గా రిటైరై విశాఖలో స్థిరపడ్డాను. షిప్పుల మీద పనిచేశాను, కమాండ్ చేశాను, అడ్మిరళ్ల దగ్గర స్టాఫ్‌లో ఉన్నాను, ఢిల్లీలో ఫైళ్లూ చూశాను. కాబట్టి కొంచెం వివరంగానే చెబుతాను.

ముందు సూటిగా జవాబు. కమిషన్ వచ్చిన రోజు నుంచి, అంటే ఆఫీసరుగా నియామకం అయిన రోజు నుంచి, అడ్మిరల్ ర్యాంకుల్లో మొదటి మెట్టయిన రియర్ అడ్మిరల్ కావడానికి ముప్పై ఏళ్లు, అటూ ఇటూగా. అప్పటికి మనిషికి యాభై దాటుతుంది. కమాండర్ వరకు ప్రమోషన్లు సర్వీసును బట్టి వచ్చేస్తాయి. ఆ తర్వాత ప్రతి మెట్టూ సెలక్షనే. ఏ ఎంట్రీలో వచ్చారన్నది దాదాపు లెక్కలోకి రాదు. సముద్రం మీద కమాండ్, అంటే ఒక షిప్పు బాధ్యత మొత్తం, దొరికిందా, దొరికినప్పుడు ఎలా చేశారు, ఆ ఏళ్లలో వచ్చిన రిపోర్టులు ఎలా ఉన్నాయి, ఈ మూడే తేలుస్తాయి. మంచి ఆఫీసర్లలో కూడా ఎక్కువమంది కమాండర్, కెప్టెన్ ర్యాంకుల దగ్గరే రిటైరవుతారు. కుర్చీలే అన్ని ఉండవు మరి. అందుకే మీ అబ్బాయికి నేనిచ్చే సలహా ఒకటే. అడ్మిరల్ కావాలని కాదు, ఒక యుద్ధనౌకకు కెప్టెన్ కావాలని వెళ్లమనండి. ఎందుకంటున్నానో కింద చదివితే మీకే తెలుస్తుంది.

మెట్లు ఎలా ఉంటాయంటే

సబ్ లెఫ్టినెంట్, లెఫ్టినెంట్, లెఫ్టినెంట్ కమాండర్, కమాండర్, కెప్టెన్, కమొడోర్, రియర్ అడ్మిరల్, వైస్ అడ్మిరల్, అడ్మిరల్. ఇదీ వరస. కమిషన్ నుంచి లెక్కేస్తే 2 ఏళ్లకు లెఫ్టినెంట్, 6 ఏళ్లకు లెఫ్టినెంట్ కమాండర్, 13 ఏళ్లకు కమాండర్. క్రమశిక్షణ, ఆరోగ్యం, అవసరమైన పరీక్షలు సరిగ్గా ఉంటే ఇవి ఆగవు. అంటే ముప్పై అయిదు ఏళ్లకు మీ అబ్బాయి భుజం మీద మూడు పట్టీలు ఉంటాయి. ఆర్మీలో లెఫ్టినెంట్ కల్నల్‌కు సమానం. నేవీ కెప్టెన్ అంటే ఆర్మీ కెప్టెన్ అనుకునేరు, ఆర్మీలో కల్నల్‌కు సమానం. షిప్పును కమాండ్ చేసేవాణ్ని కూడా, ర్యాంకు ఏదైనా, కెప్టెన్ అనే అంటారు. పెళ్లి సంబంధాలు చూసేటప్పుడు మన ఊళ్లలో ఈ తికమక చాలా ఉంటుంది.

కమాండర్ నుంచి కెప్టెన్‌కు మొదటి సెలక్షన్ బోర్డు. దాంట్లో రాకపోతే తర్వాతి ఏడాదుల్లో మళ్లీ చూస్తారు. మొదటిసారి వచ్చినవాళ్లకూ తర్వాత వచ్చినవాళ్లకూ సీనియారిటీలో తేడా పడుతుంది, అది ముందుముందు కనిపిస్తుంది. అసలు సెలక్షన్‌లో రాకపోయినా 26 ఏళ్ల సర్వీసు నిండితే టైమ్ స్కేల్ కెప్టెన్ అవుతారు. గౌరవం, జీతం దక్కుతాయి గానీ పై ర్యాంకుల పోటీకి అది పనికిరాదు. కమొడోర్‌కు మళ్లీ బోర్డు, రియర్ అడ్మిరల్‌కు మళ్లీ బోర్డు, వైస్ అడ్మిరల్‌కు మళ్లీ. రియర్ అడ్మిరల్‌కు రిటైర్మెంట్ 58 ఏళ్లకు, వైస్ అడ్మిరల్‌కు 60కి. నేవీ అధిపతి అయిన చీఫ్‌కు 62 ఏళ్లు లేదా పదవిలో 3 ఏళ్లు, ఏది ముందైతే అది. ఈ వయసు లెక్క చాలామంది గమనించరు. సామర్థ్యం ఉండి కూడా పుట్టిన తేదీ కలిసిరాక ఆగిపోయినవాళ్లను నేను చూశాను. పై కుర్చీ ఖాళీ అయ్యే నాటికి చేతిలో సర్వీసు మిగలాలి.

మొదటి పదేళ్లలో ఏం జరుగుతుంది

అకాడమీ తర్వాత పిల్లలు కొచ్చిలోని ఫస్ట్ ట్రైనింగ్ స్క్వాడ్రన్ షిప్పుల మీదికి వెళ్తారు. ఆ తర్వాత ఫ్లీట్, అంటే యుద్ధనౌకల దళం, షిప్పుల మీదికి. డెక్ కడగడం దగ్గర్నుంచి ఇంజిన్ రూమ్ దాకా అన్నీ చేయిస్తారు. తర్వాత సబ్ లెఫ్టినెంట్ కోర్సులు, ఆ తర్వాత అసలు పరీక్ష వాచ్‌కీపింగ్ టికెట్. అది చేతికొస్తే, కెప్టెన్ నిద్రపోతున్నప్పుడు షిప్పును నడిపే అధికారం వచ్చినట్టు.

రాత్రి బ్రిడ్జ్ మీద, అంటే షిప్పును నడిపే చోట, ఎలా ఉంటుందో చెబుతాను. లైట్లన్నీ ఆర్పేస్తారు. రాడార్ తెర, కంపాస్ వెలుగు, చార్ట్ టేబుల్ దగ్గర ఎర్ర దీపం, అంతే. అక్కడ ఒక పుస్తకం ఉంటుంది, కెప్టెన్ నైట్ ఆర్డర్ బుక్. పడుకోబోయే ముందు కెప్టెన్ దాంట్లో ఆ రాత్రికి దారి, వేగం, ఏ సందర్భంలో తనను లేపాలో స్వయంగా రాసి సంతకం పెడతాడు. వాచ్‌కు వచ్చే ప్రతి ఆఫీసరూ చదివి సంతకం చేయాలి. కాకినాడ నుంచి విశాఖ వైపు వచ్చేటప్పుడు వేట పడవల దీపాలు సముద్రం నిండా పరుచుకుని ఉంటాయి. వాటి మధ్యలోంచి కుడివైపు ఓ ట్యాంకర్ అడ్డంగా వస్తోందనుకోండి. అంతర్జాతీయ నిబంధన ప్రకారం తప్పుకోవలసింది మనమే. ఇరవై నాలుగేళ్ల కుర్రాడు దూరం, దిక్కు చూసుకుని, ట్యాంకర్ ఎంత దగ్గరగా దాటుతుందో లెక్కకట్టి, ఫోన్ తీసి కెప్టెన్‌ను లేపి, విషయం, తను చేయబోయేది రెండు ముక్కల్లో చెప్పాలి. ఆ రెండు ముక్కల్లోనే కెప్టెన్‌కు కుర్రాడి సంగతి తెలిసిపోతుంది. లేపడానికి మొహమాటపడేవాడు, చిన్నదానికీ పెద్దదానికీ లేపేవాడు, ఇద్దరూ ఇంకా తయారు కానట్టే.

ఆ తర్వాత స్పెషలైజేషన్. గన్నరీ, జలాంతర్గాముల వేట, నావిగేషన్, కమ్యూనికేషన్. నేను ఎంచుకున్నది జలాంతర్గాముల వేట. కొందరు పైలట్లు, కొందరు సబ్‌మెరైనర్లు అవుతారు. సబ్‌మెరైన్ స్కూల్ ఐఎన్‌ఎస్ శాతవాహన మన విశాఖలోనే ఉంది. ఏది తీసుకుంటే అడ్మిరల్ అవుతారని పిల్లలు నన్ను తరచూ అడుగుతుంటారు. 2016 నుంచి 2024 దాకా చీఫ్ పదవిలోకి వచ్చిన నలుగురిని చూడండి. సునీల్ లాంబా నావిగేషన్, కరమ్‌బీర్ సింగ్ హెలికాప్టర్ పైలట్, హరి కుమార్ గన్నరీ, దినేశ్ త్రిపాఠి కమ్యూనికేషన్, ఎలక్ట్రానిక్ వార్‌ఫేర్. నలుగురివీ నాలుగు దారులు. కాబట్టి కుర్రాడికి ఏది ఇష్టమో అది తీసుకోమనండి. ఇష్టం లేని పనిలో పదేళ్లు ముందు వరసలో ఉండడం ఎవరివల్లా కాదు.

కమాండ్, కమాండ్, కమాండ్

నేను ఇంత గట్టిగా చెప్పేది దీని గురించే. పై నలుగురికీ ఉమ్మడిగా ఉన్నది ఇదొక్కటే. ఉదాహరణకు అడ్మిరల్ త్రిపాఠి. రేవా సైనిక్ స్కూల్, ఎన్‌డీఏ, 1985 జూలైలో కమిషన్. ఆయన కమాండ్ చేసిన షిప్పుల వరస చూడండి: ముందు వినాశ్, తర్వాత కిర్చ్, ఆ తర్వాత త్రిశూల్. మొదటిది మిసైల్ బోటు, రెండోది కార్వెట్, మూడోది ఫ్రిగేట్. చిన్నది, మధ్యస్థం, పెద్దది. తర్వాత ఈస్టర్న్ ఫ్లీట్ మొత్తం, అదీ విశాఖ నుంచే. కేరళలో ఎళిమల నేవల్ అకాడమీ కమాండెంట్, ఢిల్లీలో చీఫ్ ఆఫ్ పర్సనల్, ముంబైలో వెస్టర్న్ నేవల్ కమాండ్, వైస్ చీఫ్, చివరికి 2024 ఏప్రిల్ 30న చీఫ్. కమిషన్ నుంచి ఆ రోజుకు దాదాపు 39 ఏళ్లు. మిసైల్ బోటు నుంచి ఫ్లీట్ దాకా సముద్రం మీద కమాండ్ ఉంది, మధ్యమధ్యలో ఢిల్లీ ఉంది, ఒకటి పూర్తయితేనే మరొకటి.

కమాండ్ ఒక్కోసారి ఏడాది, ఏడాదిన్నర ఉంటుంది. మొత్తం సర్వీసులో కలిపితే కొన్నేళ్లే. కానీ రిపోర్టుల్లో బోర్డు ముందుగా తిరగేసే పేజీలు అవే. ఎందుకో విశాఖ హార్బర్‌లోకి ఒకసారి వస్తే తెలుస్తుంది. ఎడమ చేతి వైపు డాల్ఫిన్స్ నోస్ కొండ, కుడి వైపు రాస్ కొండ, మధ్యలో సన్నని ఛానల్. గాలి పక్క నుంచి తోస్తుంటే వేగం తగ్గిస్తే షిప్ పక్కకు జారుతుంది, పెంచితే లోపల ఆపడానికి చోటు చాలదు. వేల టన్నుల షిప్పుకు బ్రేకులు ఉండవు. నావిగేటర్ దూరాలు చదువుతుంటాడు, టగ్‌లు పక్కన కాచుకుని ఉంటాయి, బ్రిడ్జ్ మీద పది మంది ఉన్నా నిర్ణయం మాత్రం ఒక్కరిదే. బయటకు కనబడని మరో సంగతి. ఆ పది నిమిషాల్లో కెప్టెన్ గొంతులో కంగారు వినిపిస్తే చుక్కాని పట్టుకున్న నావికుడి చేతికీ అది పాకుతుంది. నేను పనిచేసిన మంచి కెప్టెన్లందరూ ఆ సమయంలో మామూలుగా కంటే మెల్లగా మాట్లాడేవారు.

బాధ్యత సంగతీ అంతే. షిప్ నేల తగిలితే, ఇంకో షిప్పును గుద్దితే, ఆ క్షణాన కెప్టెన్ బ్రిడ్జ్ మీద ఉన్నాడా, క్యాబిన్‌లో నిద్రపోతున్నాడా అన్నది రెండో ప్రశ్న. మొదటి బాధ్యత ఆయనదే. నా కోర్స్‌మేట్ ఒకడు, మా బ్యాచ్‌లో తెలివైనవాళ్లలో ఒకడు, కమాండ్ చేస్తున్న షిప్ ఒక తెల్లవారుజామున లోతు తక్కువ ఉన్నచోట అడుగు తగిలింది. వాచ్‌లో వేరే ఆఫీసరున్నాడు. ఎవరికీ గాయం కాలేదు, షిప్ కొద్ది వారాల్లో బాగయింది. విచారణ జరిగింది. అతను అక్కడితో ఆగిపోయాడు. కోపం లేదు, ఫిర్యాదు లేదు. "నా షిప్, నా బాధ్యత" అనేవాడు. ఇది విని అన్యాయం అనిపిస్తే, అలా అనిపించే పిల్లలు ఈ ఉద్యోగానికి రాకపోవడమే మంచిది.

1971 డిసెంబర్ 9 రాత్రి ఐఎన్‌ఎస్ ఖుక్రి టార్పెడో దెబ్బకు మునిగిపోయినప్పుడు కెప్టెన్ మహేంద్రనాథ్ ముల్లా షిప్పును వదల్లేదు. 18 మంది ఆఫీసర్లు, 176 మంది నావికులు ప్రాణాలు కోల్పోయారు. 2014 ఫిబ్రవరిలో సింధురత్న జలాంతర్గామిలో ప్రమాదం జరిగిన రోజే చీఫ్‌గా ఉన్న అడ్మిరల్ డి.కె. జోషి నైతిక బాధ్యత వహించి రాజీనామా చేశారు. అంతకుముందు నెలల్లో వరసగా జరిగిన ప్రమాదాల్లో ఆయన చేతులారా చేసిన పొరపాటేమీ లేదు. అయినా వెళ్లిపోయారు. పై ర్యాంకు అంటే కారు మీద నక్షత్రాల పలక అనుకునేవాళ్లకు ఈ రెండు పేర్లూ చెబుతాను.

రిపోర్టుల గురించి నిజం

ప్రతి ఏడాదీ మీ పై అధికారి మీ గురించి రాస్తాడు, ఆయన పై అధికారి దాన్ని చూసి తన అభిప్రాయం రాస్తాడు. బోర్డు కూర్చున్నప్పుడు మనిషి ఎదురుగా ఉండడు, ఈ కాగితాలే ఉంటాయి. పైరవీలతో పనవుతుందా అని కొందరు చెవిలో అడుగుతారు. నా అనుభవంలో చెబుతున్నాను: ఒక మంచి మాట ఒక పోస్టింగ్ ఇప్పించగలదేమో గానీ, పదిహేను ఇరవై ఏళ్లపాటు వేర్వేరు కెప్టెన్లు, వేర్వేరు చోట్ల రాసిన రిపోర్టులను ఎవరూ మార్చలేరు. ఒక్క బాస్ సరిగ్గా రాయకపోయినా మిగతావన్నీ బాగుంటే ఆ ఒక్కటి విడిగా కనిపిస్తుంది, దాన్ని ప్రశ్నించే దారి కూడా ఉంది. కానీ పైకి వెళ్లేకొద్దీ అందరి రిపోర్టులూ బాగానే ఉంటాయి. తొమ్మిదికీ తొమ్మిదిన్నరకూ మధ్య పోటీ అది. అక్కడ ఓడిపోయినవాళ్లను తక్కువవాళ్లు అనుకోకండి. రియర్ అడ్మిరల్ బోర్డులో నేను రాలేదు, నా తోటివాళ్లు వచ్చారు. వచ్చినవాళ్లు అర్హులే. ఆ తర్వాత వాళ్ల కింద పనిచేశాను కూడా, పేరు పెట్టి పిలిచేవాడినే ఆఫీసులో "సర్" అన్నాను. నేవీలో ఇది మామూలు సంగతి.

స్టాఫ్ కోర్సు కూడా ముఖ్యం. నీలగిరుల్లో వెల్లింగ్టన్‌లో జరుగుతుంది, పోటీ పరీక్ష రాసి వెళ్లాలి. లెఫ్టినెంట్ కమాండర్, కమాండర్ స్థాయిలో పసిపిల్లలు, సముద్రం, చదువు అన్నీ ఒకేసారి మీద పడతాయి, అప్పుడే రాయాలి. తర్వాత గోవాలో నేవల్ వార్ కాలేజీలో హయ్యర్ కమాండ్ కోర్సు, కమొడోర్ స్థాయిలో ఢిల్లీలో నేషనల్ డిఫెన్స్ కాలేజీ. ఆరోగ్యం మరొకటి. మెడికల్ కేటగిరీ ఎస్1ఏ1 (పూర్తి ఆరోగ్యం) నుంచి కిందికి దిగితే సముద్రం మీద పోస్టింగ్‌కు అడ్డు పడుతుంది, సముద్రం లేకపోతే కమాండ్ లేదు. వెన్ను దెబ్బతిని కమాండ్ పోగొట్టుకున్న స్నేహితులు నాకున్నారు.

అడ్మిరల్ అసలు చేసే పని

ఇది చాలామంది ఊహించేది కాదు. రియర్ అడ్మిరల్ అయ్యాక షిప్పును స్వయంగా నడపడం ఇక ఉండదు. అందరిలోకీ అదృష్టవంతులు ఫ్లీట్ కమాండర్లు, తూర్పున ఒకరు, పడమర ఒకరు. వాళ్లు సముద్రంలో ఉంటారు, కానీ వాళ్లున్న ఫ్లాగ్‌షిప్‌కు కూడా వేరే కెప్టెన్ ఉంటాడు. ఆ కెప్టెన్ పనిలో అడ్మిరల్ వేలు పెట్టకూడదు. ముప్పై ఏళ్లు షిప్పులు నడిపిన మనిషికి అంత పక్కన నిలబడి నోరు మూసుకోవడం ఎంత కష్టమో నేను స్టాఫ్‌లో ఉన్నప్పుడు దగ్గర్నుంచి చూశాను. ఒక అడ్మిరల్ బెర్తింగ్ (షిప్పును రేవులో కట్టడం) జరుగుతున్నంతసేపూ బ్రిడ్జ్‌కు దూరంగా వెళ్లి నిలబడేవారు. తాను చూస్తుంటే కుర్ర కెప్టెన్‌కు టెన్షన్ అని.

మిగతా అడ్మిరళ్లందరూ డాక్‌యార్డు, ట్రైనింగ్, మనుషుల పోస్టింగులు, ఆయుధాల కొనుగోళ్లు, బడ్జెట్, మంత్రిత్వ శాఖతో ఉత్తరాలు. పదేళ్ల తర్వాత రాబోయే షిప్ ఎలా ఉండాలో ఈ రోజు ఫైల్ మీద తేల్చడం. చప్పట్లు రావు, కానీ ఆ షిప్ మీద రేపు వెళ్లేది వందల మంది పిల్లలు.

యుద్ధంలో అడ్మిరల్ తెలివి ఎక్కడ పనిచేస్తుందో తెలియాలంటే మన విశాఖ కథే చాలు. 1971లో ఇక్కడ తూర్పు నేవల్ కమాండ్‌కు అధిపతి వైస్ అడ్మిరల్ ఎన్. కృష్ణన్. విక్రాంత్ విమానవాహక నౌక కోసం పాకిస్థాన్ జలాంతర్గామి ఘాజీ బంగాళాఖాతంలోకి వస్తుందని ఆయనకు అంచనా ఉంది. విక్రాంత్‌ను అండమాన్ వైపు దాచి, పాత డిస్ట్రాయర్ రాజ్‌పుత్‌ను విక్రాంత్‌లా నటించమని, వైర్‌లెస్‌లో హడావిడి చేయమని పంపారు. డిసెంబర్ 3 అర్ధరాత్రి దాటాక విశాఖ తీరానికి దగ్గర్లోనే ఘాజీ మునిగిపోయింది. ఎలా మునిగిందన్న దాని మీద నేటికీ వాదనలున్నాయి, రాజ్‌పుత్ వేసిన డెప్త్ చార్జీలని (నీళ్లలో పేలే బాంబులు) కొందరు, అది తనే పరిచిన మైన్లని కొందరు. ఏదైనా ఘాజీ వెతుక్కుంటూ వచ్చినచోట విక్రాంత్ లేదు. ఆ పని చేసింది తుపాకీ కాదు, ఒడ్డున ఆఫీసులో కూర్చున్న మనిషి ఆలోచన. బీచ్ రోడ్డులో విక్టరీ ఎట్ సీ స్మారకం దగ్గరికి మీవాణ్ని తీసుకొచ్చినప్పుడు ఈ సంగతి చెప్పండి.

ఎన్‌డీఏనా, బీటెక్ ఎంట్రీనా?

ఎన్‌డీఏ అంటే పుణె దగ్గర ఖడక్‌వాస్లాలో మూడేళ్లు, తర్వాత కేరళలో ఎళిమల అకాడమీలో ఏడాది. 10+2 బీటెక్ ఎంట్రీ అంటే నాలుగేళ్లూ ఎళిమలలోనే. రెండింటికీ ప్రభుత్వమే ఖర్చు పెడుతుంది, రెండూ పర్మనెంట్ కమిషనే. ఎన్‌డీఏలో ఉన్న లాభం ఆర్మీ, ఎయిర్‌ఫోర్స్ పిల్లలతో కలిసి పెరగడం. పెద్ద ర్యాంకుల్లో మూడు దళాలూ కలిసి పనిచేసేటప్పుడు ఆ స్నేహాలు ఉపయోగపడతాయి. కానీ కమిషన్ తర్వాత మొదటి షిప్ ఎక్కాక ఎవరు ఎక్కణ్నుంచి వచ్చారని అడిగేవాడు ఉండడు. శిక్షణ చివరి మార్కులతో బ్యాచ్‌లో సీనియారిటీ ఖరారవుతుంది, అది మాత్రం చాలాకాలం వెంట వస్తుంది. కాబట్టి అకాడమీలో చదువును తేలిగ్గా తీసుకోవద్దని చెప్పండి.

ఎంట్రీ గురించి బెంగపడేవాళ్లకు నేను కటారి గారి పేరు చెబుతాను. రామదాస్ కటారి, తెలుగు కుటుంబంలో పుట్టినవారు. 1927లో డఫరిన్ ట్రైనింగ్ షిప్ మొదటి బ్యాచ్. అది వ్యాపార నౌకల కోసం పెట్టిన శిక్షణ. తర్వాత కలకత్తాలో హుగ్లీ నది సర్వే పని. రెండో ప్రపంచ యుద్ధం మొదలయ్యాక వాలంటీర్ రిజర్వ్‌లో చేరారు. రెగ్యులర్ నేవీ దారిలో వచ్చినవారు కారు. అలాంటి మనిషి 1956లో భారత ఫ్లీట్‌కు అధిపతి అయిన మొదటి భారతీయుడు, 1958 ఏప్రిల్ 22న నేవీకి మొదటి భారతీయ చీఫ్. 1961లో మొదటి విక్రాంత్ వచ్చిందీ, గోవా విముక్తి జరిగిందీ ఆయన హయాంలోనే. రిటైరయ్యాక మన ఏపీఎస్ఆర్టీసీ చైర్మన్‌గా పనిచేశారు, తర్వాత బర్మాలో భారత రాయబారి. మన పిల్లలకు పాఠాల్లో ఈ పేరు కనిపించకపోవడం నాకు నిజంగా బాధ.

బ్రాంచ్

షిప్పును కమాండ్ చేయాలంటే ఎగ్జిక్యూటివ్ ఒక్కటే దారి. చీఫ్ కుర్చీ కూడా అటే. కానీ మీవాడికి యంత్రాలంటే ప్రాణమైతే ఇంజినీరింగ్, ఎలక్ట్రికల్ బ్రాంచ్‌లను చిన్నవి అనుకోవద్దు. లోనావ్లాలో ఐఎన్‌ఎస్ శివాజీ, జామ్‌నగర్‌లో ఐఎన్‌ఎస్ వల్సురా వాళ్ల గురుకులాలు. విశాఖ నేవల్ డాక్‌యార్డుకు అధిపతి టెక్నికల్ బ్రాంచ్ రియర్ అడ్మిరలే. ఢిల్లీలో చీఫ్ ఆఫ్ మెటీరియల్ వైస్ అడ్మిరల్. నా ఇంజినీర్ మిత్రుడు ఒకరు బాయిలర్ల దగ్గర మొదలుపెట్టి ఫ్లాగ్ ర్యాంకు (రియర్ అడ్మిరల్, ఆపైన) దాకా వెళ్లారు. నాకంటే పైకి వెళ్లారు, నాకు గర్వంగా ఉంటుంది.

ఇంట్లో చెల్లెలు ఉంటే ఆమె సంగతీ ఆలోచించండి. 2020 మార్చి 17న సుప్రీంకోర్టు తీర్పుతో నేవీలో మహిళలకు పర్మనెంట్ కమిషన్ దారి తెరుచుకుంది. ఎన్‌డీఏలో 2022లో చేరిన మొదటి మహిళా బ్యాచ్ 2025 మేలో బయటికొచ్చింది.

జీతం, ఇల్లు

ఏడో వేతన సంఘం ప్రకారం ప్రారంభ మూల వేతనం సబ్ లెఫ్టినెంట్‌కు 56,100, కమాండర్‌కు 1,21,200, కెప్టెన్‌కు 1,30,600, రియర్ అడ్మిరల్‌కు 1,44,200, చీఫ్‌కు 2,50,000. దీనికి తోడు డీఏ, ఇతర అలవెన్సులు. 15,500 మిలిటరీ సర్వీస్ పే కమొడోర్ వరకే ఉంటుంది, రియర్ అడ్మిరల్ నుంచి ఉండదు. చూశారుగా, ముప్పై ఏళ్లు కష్టపడి ఎక్కే ఆ మెట్టుకు డబ్బులో పెద్ద తేడా లేదు. డబ్బు కోసమైతే అదే తెలివితో సాఫ్ట్‌వేర్‌కు వెళ్లడం మేలు. 20 ఏళ్ల సర్వీసు నిండితే పెన్షన్‌తో బయటికి రావచ్చు, చాలామంది అలా వెళ్లి బాగానే స్థిరపడుతున్నారు.

అసలు ఖర్చు ఇంటిది. రెండు మూడేళ్లకో ఊరు. షిప్ సముద్రంలో ఉంటే ఫోన్ కూడా ఉండదు. మా పెద్దాడి చదువు నాలుగు ఊళ్లలో సాగింది, వాడి పదో తరగతి పరీక్షలప్పుడు నేను షిప్ మీదున్నాను. మా ఆవిడ టీచర్, ప్రతి బదిలీకీ ఉద్యోగం మళ్లీ మొదటి నుంచి మొదలుపెట్టేది. నా రిపోర్టుల్లో ఆమె పేరు ఎక్కడా లేదు గానీ ఆ రిపోర్టులు ఆమె లేకుండా రావు. కాబోయే కోడలితో పెళ్లికి ముందే ఈ విషయం దాచకుండా మాట్లాడాలి. ఈ మాట ఇప్పుడే ఎందుకంటే, కొందరు తల్లిదండ్రులు యూనిఫాం ఫొటో చూపించి సంబంధం కుదుర్చుకుని తర్వాత బాధపడడం చూశాను.

ఇప్పుడు చేయాల్సింది

ముందు కళ్లు. రంగుల తేడా గుర్తించడంలో లోపం ఉంటే నేవీ ఆఫీసర్ ఎంట్రీలు కుదరవు, చాలామందికి మెడికల్ దాకా వెళ్లేవరకు తెలియదు. మంచి కంటి డాక్టర్ దగ్గర ఇషిహారా పరీక్ష ఈ నెలలోనే చేయించండి.

ఎన్‌డీఏలో ఒక్కో కోర్సుకు నేవీ సీట్లు 42 మాత్రమే. అందుకని జేఈఈ మెయిన్ కూడా రాయనివ్వండి, బీటెక్ ఎంట్రీకి ఆ ర్యాంకే ఆధారం. దానికి ఇంటర్‌లో ఫిజిక్స్, కెమిస్ట్రీ, మ్యాథ్స్ మూడూ కలిపి 70 శాతం, పదిలోగానీ ఇంటర్‌లోగానీ ఇంగ్లిష్‌లో 50 శాతం ఉండాలి.

రాత పరీక్ష తర్వాత ఆఫీసర్లను ఎంపిక చేసే ఇంటర్వ్యూ, ఎస్‌ఎస్‌బీ (సర్వీసెస్ సెలక్షన్ బోర్డు), అయిదు రోజులు. మన కార్పొరేట్ కాలేజీ పిల్లలు లెక్కల్లో గట్టివాళ్లు, కానీ ఉదయం నుంచి రాత్రి దాకా క్లాసుల్లో కూర్చుని నలుగురిలో నోరు తెరవడం మర్చిపోతారు. గ్రూప్ టాస్కుల్లో తెలివైన తెలుగు కుర్రాళ్లు వెనక నిలబడిపోవడం చాలాసార్లు విన్నాను. కోచింగ్‌లో బట్టీ పట్టించిన జవాబులు అక్కడ పనికిరావు, అడిగేవాళ్లు మనస్తత్వం చదివినవాళ్లు. ఈ కొద్ది నెలలూ సాయంత్రం ఒక గంట ఏదైనా జట్టుగా ఆడే ఆట ఆడనివ్వండి, వాలీబాల్ అయినా సరే. ఈత రాకపోతే నేర్పించండి, గోదావరి పక్కనే ఉండి ఈత రాని పిల్లలు ఎంతమందో. రోజూ ఇంగ్లిష్ పేపర్‌లో ఒక వార్త చదివి భోజనాల దగ్గర మీకు తెలుగులో చెప్పమనండి, తర్వాత అదే ఇంగ్లిష్‌లో. ఎస్‌ఎస్‌బీ కాల్ లెటర్ వచ్చాక ఏ బోర్డు పడిందో ఇక్కడే రాయండి, అయిదు రోజుల్లో ఏ రోజు ఏం జరుగుతుందో విడిగా చెబుతాను.